పఫ్ పేస్ట్రీ రోల్స్ అడుగు తడిగా ఉండిపోతోంది, వచ్చే ఆదివారం 30 మందికి చేయాలి

నెమ్మదివంట:

అందరికీ నమస్కారం. వచ్చే ఆదివారం ఉదయం పదకొండింటికి మా ఇంటికి 30 మంది దాకా వస్తున్నారు. కూర్చోబెట్టి వడ్డించే భోజనం కాదు, నిలబడి కబుర్లు చెప్పుకుంటూ చేత్తో పట్టుకుని తినేలా నాలుగైదు రకాలు పెడదామనుకున్నాం. అందులో నేను ఒప్పుకున్నది పఫ్ పేస్ట్రీ రోల్స్, కొన్నిటిలో చికెన్ కీమా, కొన్నిటిలో మష్‌రూమ్స్. నిన్న ట్రయల్‌గా ఒక షీట్‌తో చేసి చూశాను, అప్పట్నుంచీ టెన్షన్‌గానే ఉంది.

పైనుంచి చూస్తే మంచి రంగు వచ్చి చక్కగా పొంగాయి. చేతిలోకి తీసుకుంటే అడుగు మెత్తగా, జిడ్డుగా తగిలింది. ఒకదాన్ని అడ్డంగా కోసి చూశాను. పైన పొరలు విడివిడిగా కనిపిస్తున్నాయి గానీ అడుగున పొరల జాడే లేదు, ఉడకని పిండి ముద్దలా బూడిద రంగులో ఒక మందపాటి చార ఉంది, దాని పైన మష్‌రూమ్స్ వదిలిన నీళ్లు. ట్రేలో వెన్న కరిగి మడుగు కట్టింది. నాలుగు రోల్స్ అయితే అతుకు దగ్గర విచ్చుకుని కీమా బయటికొచ్చేసింది.

నేను ఎలా చేశానో చెబుతాను, తప్పెక్కడో చూడండి. ఫ్రీజర్‌లో ఉన్న షీట్‌ని తీసి గంటన్నర పైనే బయట పెట్టాను. ఉల్లిపాయ, మష్‌రూమ్స్ ఓ ఐదు నిమిషాలు వేయించాను. కీమా మాత్రం పచ్చిదే, అందులో పచ్చి ఉల్లిపాయ ముక్కలు, ఉప్పు, మిరియాల పొడి కలిపాను. మష్‌రూమ్స్ కాస్త గోరువెచ్చగా ఉండగానే పెట్టి చుట్టేశాను. ట్రే మీద సిలికాన్ మ్యాట్ వేసి, 180 డిగ్రీల దగ్గర 25 నిమిషాలు ఉంచాను.

ఇంకో మూడు సందేహాలు. శనివారమే చేసి పెట్టుకోవచ్చా? 30 మందికి ఎన్ని చేయాలి? వచ్చేవాళ్లలో గుడ్డు తిననివాళ్లు ఉన్నారు, పైన గుడ్డు పూయకపోతే రంగు వస్తుందా? ఓపిగ్గా చెప్పేవాళ్లకి ముందే థాంక్స్.

పొరలలెక్క:

ముందుగా ఒక మాట, మీరు భయపడాల్సిందేమీ లేదు. పైన పొంగాయంటే మీ షీట్ మంచిదే. మీ పోస్ట్‌లోనే కారణాలన్నీ ఉన్నాయి, అన్నీ కలిసి ఒక్కటే చేశాయి. ఓవెన్ వేడి అడుగుకు చేరేలోపే వెన్న కరిగిపోయింది.

పఫ్ పేస్ట్రీ ఎలా పొంగుతుందో ఒక్కసారి అర్థమైతే మిగతా జాగ్రత్తలు ఎవరూ చెప్పక్కర్లేదు. పిండి మధ్యలో వెన్న పెట్టి మూడు మడతలు వేస్తారు, ఒత్తుతారు, మళ్లీ మడుస్తారు. ప్రతి మడతకీ వెన్న పొరలు మూడింతలవుతాయి కాబట్టి ఆరుసార్లు మడిస్తే 729 అవుతాయి. వెన్నలో దాదాపు 80 శాతం కొవ్వు, 16 శాతం దాకా నీళ్లు ఉంటాయి. ఓవెన్ వేడికి వెన్నలో నీళ్లు, పిండిలో నీళ్లు ఆవిరవుతాయి. నీళ్లు ఆవిరైతే 1,600 రెట్లకు పైగా విస్తరిస్తాయి కాబట్టి ఆ ఆవిరే ఒక్కో పొరనీ పైకి ఎత్తుతుంది. అయితే అప్పటిదాకా వెన్న రెండు పిండి పొరల మధ్య అడ్డుగా నిలవాలి. బయట గంటన్నర పెట్టిన షీట్‌లో, దాని మీద గోరువెచ్చని మష్‌రూమ్స్ పడ్డాక, వెన్న అప్పటికే మెత్తబడి పిండిలోకి ఇంకిపోయింది. ఇంకిపోయాక అక్కడ ఉన్నది మామూలు జిడ్డు పిండి, అది పొంగదు. మీరు చూసిన బూడిద రంగు చార అదే.

అందుకని షీట్‌ని రాత్రే ఫ్రీజర్‌లోంచి ఫ్రిజ్‌లోకి మార్చండి. పొద్దున్నకి మడత విప్పితే పగలకుండా వంగుతుంది, అయినా చల్లగానే ఉంటుంది. పని చేస్తుండగా వేలితో నొక్కితే గుంట పడి వేలికి జిడ్డు అంటుకుంటోందంటే ఆపేసి, ఉన్నదున్నట్టు ట్రేతో సహా పావుగంట ఫ్రిజ్‌లో పెట్టేయండి. వేడిగా ఉన్న వంటింట్లో నేను రెండుసార్లు అలా చేస్తాను, ఆ పావుగంటలు అస్సలు వృథా కావు.

ఓవెన్ 180 సరిపోదు. ఫ్యాన్ లేకుండా అయితే 210 దగ్గర మొదలుపెట్టి 10 నిమిషాల తర్వాత 190కి తగ్గించండి. ఫ్యాన్ ఉంటే 20 డిగ్రీలు తక్కువ. లైట్ ఆరిపోగానే ప్రీహీట్ అయిపోయిందనుకోకండి, ఇంకో 15 నిమిషాలు ఆగండి, గోడలూ ట్రేలూ బాగా వేడెక్కాలి. ఓవెన్ లోపల పెట్టే చిన్న థర్మామీటర్ ఒకటి కొనుక్కుంటే ఇంకా మంచిది. నాది 200 అని చూపించేటప్పుడు లోపల 180 ఉండేది, రెండేళ్లు నా పేస్ట్రీ పాలిపోయి ఎందుకు వస్తోందో తెలియక షీట్లు మార్చుకుంటూ కూర్చున్నాను.

సిలికాన్ మ్యాట్ తీసేయండి. అది ట్రే వేడిని అడుగుకు తగలనివ్వదు. బేకింగ్ పేపర్ చాలు. ఇంకో ట్రేని ఖాళీగా ఓవెన్‌లో కింది అరలో ముందే వేడి చేసుకుని, రోల్స్ పేర్చిన పేపర్‌ని అంచులు పట్టుకుని దాని మీదికి జార్చండి. పెట్టిన క్షణంలోనే చుయ్‌మని చప్పుడు వినిపిస్తుంది, అలా వినిపిస్తే అడుగు గురించి ఇక బెంగ అక్కర్లేదు.

తెల్లారుజామున:

పైన చెప్పినదంతా నిజం, నేను ఫిల్లింగ్ గురించి చెబుతాను. చాలా ఏళ్లు బేకరీలో పొద్దున నాలుగింటి షిఫ్ట్ చేశాను, రోజూ వందల రోల్స్ చుట్టేవాళ్లం. అడుగు తడిగా వచ్చిందంటే మా పెద్ద మేస్త్రీ ఓవెన్ వైపు చూసేవాడు కాదు, తిన్నగా ఫిల్లింగ్ గిన్నెలో వేలు పెట్టేవాడు.

మష్‌రూమ్స్‌లో 90 శాతం పైనే నీళ్లు. ఐదు నిమిషాలు వేయిస్తే ఆ నీళ్లు బయటికి రావడం మొదలవుతుందంతే. వెడల్పాటి బాణలిలో, మంట పెద్దది పెట్టి, తక్కువ తక్కువగా వేయించండి. మొదట చుయ్‌మంటాయి, తర్వాత నీళ్లు వదిలి కుతకుతలాడుతూ ఉడుకుతున్నట్టుంటాయి, అక్కడ చాలామంది అయిపోయిందనుకుని దించేస్తారు. దించకండి. నీళ్లన్నీ ఇగిరాక మళ్లీ చుయ్‌మనడం మొదలవుతుంది, ముక్కలు అంచుల్లో ఎర్రబడతాయి, గరిటెతో పక్కకి జరిపితే బాణలి అడుగు పొడిగా కనిపిస్తుంది. అప్పుడు దించాలి. అరకిలో మష్‌రూమ్స్ రెండు గుప్పిళ్లకి వచ్చేస్తాయి, ఏం తక్కువైందో అని కంగారు పడకండి, రుచంతా అక్కడే ఉంది. ఉప్పు చివర్లో వేయండి.

పచ్చి కీమా పెట్టడం తప్పు కాదు, రోల్ లోపల జ్యూసీగా ఉండాలంటే నేనూ పచ్చిదే పెడతాను. తప్పు పచ్చి ఉల్లిపాయది. అది ఓవెన్‌లో నీళ్లు వదులుతుంది, ఆ నీళ్లకి కిందికి దిగడం తప్ప వేరే దారి లేదు. ఉల్లిపాయ ముందు బాగా మగ్గించి, చల్లార్చి కలపండి. అర కిలో కీమాకి 50, 60 గ్రాముల బ్రెడ్ పొడి కలిపితే మాంసం వదిలే రసం అది పీల్చుకుంటుంది, రసం ఎక్కడికీ పోదు, రోల్ లోపలే ఉంటుంది. ఉప్పు 7, 8 గ్రాములు పడుతుంది, చీజ్ కలిపితే తగ్గించండి. పిండి చప్పగా ఉంటుంది కాబట్టి ఫిల్లింగ్ విడిగా తిన్నప్పుడు ఓ రవ్వ ఎక్కువైనట్టు అనిపించాలి. పచ్చి కీమా నోట్లో పెట్టుకుని చూడలేం గనక ఉసిరికాయంత ముద్ద తీసి పెనం మీద వేయించి రుచి చూడండి. 3 కిలోలు కలిపేశాక ఉప్పు చాలలేదని తెలిస్తే చేసేదేం లేదు.

చికెన్ లోపల 74 డిగ్రీలకి రావాలి. ఇందులో మాత్రం రంగు చూసి నమ్మకండి, బయట పొరలు ఎర్రబడినా మధ్యలో ఉడకకపోవచ్చు. థర్మామీటర్ ఉంటే మధ్య రోల్‌లో గుచ్చి చూడండి.

ఫిల్లింగ్ ఫ్రిజ్‌లో పెట్టినంత చల్లగా ఉండాలి. చల్లారితే చాలదు, చల్లగా ఉండాలి. ముందురోజు రాత్రే చేసి పెట్టుకుంటే ఈ సమస్యే రాదు.

అతుకు విచ్చుకోవడం గురించి. బహుశా ఎక్కువ పెట్టి లాగి మూసి ఉంటారు. రెండు అంచులూ కనీసం 2 సెంటీమీటర్లు ఒకదానిమీద ఒకటి రావాలి, కింది అంచుకి తడి వేలు రాసి, ఫోర్కుతో నొక్కి, అతుకు అడుగుకు వచ్చేలా తిప్పి పెట్టండి. పైన చాకు కొసతో రెండు మూడు గాట్లు పెట్టండి. ఆవిరి అక్కడినుంచి పోతుంది, దారి లేకపోతే అది అతుకునే తెరుచుకుంటుంది.

నెమ్మదివంట:

ఇద్దరికీ చాలా థాంక్స్ అండి. మష్‌రూమ్స్ గురించి చెప్పింది చదవగానే నేను సరిగ్గా ఎక్కడ దించేశానో అర్థమైంది, కుతకుతలాడుతుండగానే దించాను. బుధవారం మళ్లీ ట్రయల్ చేస్తాను. ఈలోపు ఇంకోటి. మాంసం తిననివాళ్లు పది పన్నెండు మంది ఉంటారు. వాళ్లకి ఒక్క మష్‌రూమ్ రోలేనా అనిపిస్తోంది. పాలకూర, చీజ్ పెడితే బాగుంటుందా, లేక అది కూడా నీళ్లు వదిలి ఇదే గొడవ అవుతుందా? గుడ్డు సంగతి కూడా ఎవరైనా చెప్పండి.

ఆకుకూరలు:

పాలకూర, చీజ్ రోల్ లేకుండా మా ఇంట్లో ఏ ఫంక్షనూ గడవదు, కాబట్టి ఇది నేను చెప్పాలి.

పాలకూర కూడా మష్‌రూమ్ లాంటిదే, అంతా నీళ్లే. దీనికి వేయించడం కన్నా పిండడం ముఖ్యం. ఆకు కడిగి, ఆ తడితోనే మూతపెట్టి రెండు నిమిషాలు మగ్గించి, వెంటనే చల్లటి నీళ్లు పోసి, జల్లెడలో వేయండి. తర్వాత పలచని గుడ్డలో మూటకట్టి మెలితిప్పండి. మొదటిసారి ధారగా కారుతుంది. మూట విప్పి, ఆకు కాస్త విదిలించి, మళ్లీ కట్టి పిండండి, ఇంకా వస్తుంది. మూడోసారి చేతులు నొప్పి పుట్టేదాకా తిప్పితే నాలుగు చుక్కలు పడతాయి, అప్పుడు ఆపొచ్చు. కిలో ఆకు టెన్నిస్ బంతికి కాస్త పెద్ద ఉండ అవుతుంది. దాన్ని చాకుతో సన్నగా తరిగితే పొడిపొడిగా రాలాలి. చాకుకి తడి అంటిందంటే మళ్లీ మూట కట్టాల్సిందే.

చీజ్ విషయంలో రికోటా లాంటి మెత్తటిది వాడేటట్టయితే దాన్ని కూడా జల్లెడలో గంటసేపు వడకట్టండి. నేను పొడిపొడిగా నలిగే ఫెటా, కొంచెం తురిమిన గట్టి చీజ్ కలిపి వాడతాను. మోజరెల్లా ఒక్కటే పెడితే వేడిగా ఉన్నప్పుడు తీగలు సాగి బాగానే ఉంటుంది గానీ చల్లారాక రబ్బరులా అయిపోతుంది, నిలబడి తినే పార్టీలో రోల్ చేతికి అందేసరికి ఎలాగూ కాస్త చల్లారుతుంది. పాలకూరలో జాజికాయ పొడి ఒక చిటికె, వెల్లుల్లి వేయించినది ఒక చెంచా వేసి చూడండి.

మష్‌రూమ్స్‌కి నా పద్ధతి ఇంకొకటి ఉంది. వేయించాక గట్టి వైట్ సాస్‌తో కలుపుతాను. 30 గ్రాముల వెన్న, 30 గ్రాముల మైదా వేయించి 200 మిల్లీలీటర్ల పాలు పోసి చిక్కబడేదాకా ఉడికిస్తే, చల్లారాక చెంచాతో తీస్తే ముద్దలా నిలబడుతుంది. మైదా నీటిని పట్టుకుని వదలదు, మష్‌రూమ్స్‌లో ఇంకా ఏ కాస్త తడి మిగిలినా దాన్లోనే ఉండిపోతుంది. కోసినప్పుడు ముక్కలు రాలిపోకుండా కూడా ఉంటుంది. ఉడికించి చిదిమిన బంగాళాదుంప కూడా ఇదే పని చేస్తుంది, పాలు వద్దనుకునేవాళ్లకి అది నయం.

గుడ్డు లేకుండా రంగు కావాలంటే పాలు, లేదా మీగడ పూయండి. గుడ్డుతో వచ్చేంత మెరుపు రాదు, రంగు కొంచెం లేతగా ఉంటుంది, రుచికి ఏ లోటూ లేదు. గుడ్డు తిననివాళ్లవి పాలు పూసి పైన నువ్వులు చల్లండి, మిగతావాటికి గుడ్డు పూసి జీలకర్ర చల్లండి. పళ్లెంలో చూడగానే ఏది ఏదో తెలుస్తుంది, ప్రతి ఒక్కరూ మిమ్మల్ని అడగక్కర్లేదు. బ్రష్ కూడా వేరేది పెట్టుకోండి. ఏది పూసినా కోసిన అంచుల మీదికి కారనివ్వకండి, అక్కడ పొరలు ఒకదానికొకటి అతుక్కుని ఆ వైపు లేవవు.

కొన్న షీట్ మీద లేబుల్ కూడా చదవండి. అన్నిటిలో వెన్న ఉండదు, కొన్నిటిలో వనస్పతి లాంటి కొవ్వులు వాడతారు. పనికి అవి సులువే, తొందరగా కరగవు, కానీ నాకైతే తిన్నాక నోట్లో పైభాగాన ఏదో పూత మిగిలినట్టు ఉంటుంది. నేను వెన్నదే కొంటాను.

పులిసినపిండి:

నేను కొంచెం వేరే మాట చెప్తాను, తప్పుగా అనుకోకండి. 30 మంది ఒకేసారి రారు. పదకొండింటికి పిలిస్తే పన్నెండున్నర దాకా వస్తూనే ఉంటారు. పఫ్ పేస్ట్రీ ఓవెన్‌లోంచి తీసిన గంటలో ఉన్నట్టు మళ్లీ ఉండదు. నేను అలాంటి రోజుల్లో సగం పఫ్, సగం ఈస్ట్ పిండితో చేస్తాను.

500 గ్రాముల మైదా, 300 మిల్లీలీటర్ల గోరువెచ్చని పాలు, 7 గ్రాముల ఇన్‌స్టంట్ ఈస్ట్, 60 గ్రాముల వెన్న, 9 గ్రాముల ఉప్పు, చెంచా చక్కెర. పది నిమిషాలు బాగా పిసికి, రెట్టింపయ్యేదాకా పొంగనిచ్చి, దీర్ఘచతురస్రంగా ఒత్తి, మీ ఫిల్లింగే పరిచి చాపలా చుట్టి ముక్కలు కోయడమే. కోయడానికి చాకు కన్నా దారం బాగుంటుంది. రోల్ కిందినుంచి దారం పోనిచ్చి పైన రెండు కొసలూ అడ్డంగా లాగితే చుట్లు నలగకుండా తెగుతుంది. మళ్లీ అరగంట పొంగాక 190 దగ్గర 18 నుంచి 20 నిమిషాలు. తీసిన వెంటనే వెన్న రాసి గుడ్డ కప్పితే రెండు మూడు గంటలు మెత్తగా ఉంటాయి, చల్లారినా తినబుద్ధవుతాయి, పిల్లలు తింటే పొట్టు రాలదు.

కరకరలాడే పొరలు వీటిలో రావు, అది ఒప్పుకుంటాను. వీటిలో పచ్చి కీమా మాత్రం పెట్టకండి, ఉడికించినదే పరచండి, పలచగా.

తెల్లారుజామున:

ఈస్ట్ రోల్స్ మాట బాగానే ఉంది, కానీ నెమ్మదివంట గారికి చేతికి అలవాటైంది పఫ్, ఆరు రోజుల్లో రెండు రకాల పిండి పట్టుకోవడం ఎందుకని నా ఉద్దేశం. తర్వాత ఎప్పుడైనా తీరిగ్గా చేసి చూడొచ్చు.

ఇక లెక్క చెబుతాను. వేరే తినేవి కూడా ఉన్నాయన్నారు కాబట్టి మనిషికి మూడు చొప్పున 90. షీట్ 36 సెంటీమీటర్ల పొడవు, 24 వెడల్పు ఉంటే నిలువుగా రెండు పట్టీలు చేయండి, ఒక్కో పట్టీ 12 వెడల్పు వస్తుంది. మధ్యలో కాస్త పక్కగా, రెండు వేళ్ల మందంలో ఫిల్లింగ్ ఒక గొట్టంలా పొడవునా పరచండి, పట్టీకి 220 నుంచి 250 గ్రాములు పడుతుంది. చుట్టి, 20 నిమిషాలు ఫ్రీజర్‌లో బిగుసుకోనిచ్చి, ఒక్కోదాన్ని ఎనిమిది ముక్కలు కోయండి. చాకుని రంపంలా ముందుకీ వెనక్కీ ఆడించకండి, పైనుంచి ఒక్క నొక్కుతో కిందికి దింపి, ప్రతిసారీ తుడవండి. షీట్‌కి 16 లెక్కన ఆరు షీట్లకి 96. ఫిల్లింగ్ మొత్తం 3 కిలోల లోపు.

శనివారం కాల్చకండి. శనివారం చుట్టండి, కోయండి, పచ్చివి ట్రే మీద విడివిడిగా పేర్చి ఫ్రీజర్‌లో పెట్టండి. రెండు మూడు గంటల్లో రాళ్లలా అయ్యాక సంచుల్లో వేసుకోవచ్చు, చోటు కలిసొస్తుంది. నిజానికి ఇది నాలుగు రోజుల ముందు చేసినా ఏం కాదు. ఒక్క జాగ్రత్త, మీరు కొన్న కీమా ఫ్రీజర్‌లోంచి తీసినదైతే దాన్ని ఉడికించి చల్లార్చాకే రోల్‌లో పెట్టి మళ్లీ ఫ్రీజ్ చేయండి. తాజాది అయితే పచ్చిది పెట్టొచ్చు.

ఆదివారం వాటిని కరిగించొద్దు. గడ్డకట్టినవే ట్రే మీద పెట్టి, పైన గుడ్డు లేదా పాలు పూసి, గాట్లు పెట్టి తిన్నగా వేడి ఓవెన్‌లోకి. మామూలుగా 22, 25 నిమిషాలు పట్టేది ఇలా అయితే 30 దాకా పడుతుంది. గడ్డకట్టిన వెన్న మీద వేడి ఒక్కసారి తగిలితే పొరలు ఇంకా బాగా లేస్తాయని నా అనుభవం, నేను తాజాగా చుట్టినవి కూడా అరగంట ఫ్రీజర్‌లో పెట్టే కాలుస్తాను.

ట్రేకి 20 కన్నా ఎక్కువ పెట్టొద్దు, మధ్యలో నాలుగు సెంటీమీటర్ల ఖాళీ ఉండాలి, లేకపోతే ఒకదాని ఆవిరికి ఇంకోటి మెత్తబడుతుంది. రెండు ట్రేలు ఒకేసారి పెడితే ఫ్యాన్ వేసి, సగం టైమ్ దాటాక పైది కిందికి, కిందిది పైకి మార్చండి. మొదటి 15 నిమిషాలు తలుపు తీయొద్దు. అంటే 96 రోల్స్ మూడు విడతలు, గంటన్నర పైనే. తొమ్మిదిన్నరకి మొదలుపెట్టండి. తీయగానే ట్రే మీద వదిలేయకుండా వైర్ ర్యాక్ మీదికి మార్చండి, ట్రే మీదే ఉంటే కింది ఆవిరికి ఎక్కడికీ దారి లేక అడుగు మళ్లీ తడుస్తుంది. మూత పెట్టొద్దు, ఫాయిల్ కప్పొద్దు. ముందు కాల్చినవి తెచ్చే ముందు 170 దగ్గర ఆరేడు నిమిషాలు మళ్లీ వేడి చేస్తే కరకర తిరిగొస్తుంది. మైక్రోవేవ్ దగ్గరికి మాత్రం తీసుకెళ్లకండి, పొరలన్నీ తడిసిన కాగితంలా అయిపోతాయి.

ఇంకోటి, మాంసం, చీజ్ ఉన్నవి బయట రెండు గంటలకి మించి ఉంచకండి. అన్నీ ఒకేసారి బల్ల మీద పెట్టేకన్నా ముప్పై ముప్పై చొప్పున తెస్తుంటే ఆలస్యంగా వచ్చేవాళ్లకీ వేడివేడిగా దొరుకుతాయి, పులిసినపిండి గారి భయం కూడా తీరుతుంది.

నెమ్మదివంట:

బుధవారం ట్రయల్ అయింది, చెప్పకుండా ఉండలేక రాస్తున్నాను. షీట్ రాత్రంతా ఫ్రిజ్‌లో, ఫిల్లింగ్ చల్లగా, మ్యాట్ లేదు, ట్రే ముందే వేడి. పేపర్ జార్చగానే చప్పుడు వినిపించింది! ఓవెన్ గాజులోంచి చూస్తూ నిలబడ్డాను, ఎనిమిదో నిమిషంలో అంచులు పుస్తకం పేజీల్లా విడిపోవడం కనిపించింది. తీసి తిరగేసి చూస్తే అడుగు ముదురు గోధుమ రంగు, గోరుతో కొడితే టకటకమంది. ట్రేలో వెన్న మరకలు ఉన్నాయి గానీ మడుగు లేదు.

కీమా రోల్స్‌లో రెండు మాత్రం కొసల దగ్గర కొంచెం తడిగా ఉన్నాయి. బ్రెడ్ పొడి చాలక అయి ఉంటుందా?

పొరలలెక్క:

ఎంత బాగా చెప్పారో, చదువుతుంటే నాకే చేసుకోవాలనిపించింది. కొసల తడికి బ్రెడ్ పొడి కారణం కాకపోవచ్చు. పట్టీ చివరల్లో ఫిల్లింగ్ అంచు దాటి బయటికి వచ్చుంటే ఆ రసం నేరుగా పేపర్ మీదికి కారి, అక్కడ అడుగు నానుతుంది. పట్టీకి రెండు చివర్లా ఒక సెంటీమీటర్ ఖాళీ వదిలి, కోసేటప్పుడు ఆ చివరలు కత్తిరించి తీసేయండి. ఆ ముక్కల మీద చీజ్ తురుము చల్లి విడిగా కాల్చుకోవచ్చు. ఎంత టైమ్ ఉంచారు?

నెమ్మదివంట:

25 నిమిషాలు. అవును, ఆ రెండూ చివరి ముక్కలే, మీరు చెప్పాకే గుర్తొచ్చింది.

ఆకుకూరలు:

అయితే ఇంకో రెండు నిమిషాలు ఉంచండి. రంగు వచ్చేసిందని తొందరగా తీసేస్తుంటారు చాలామంది. పఫ్ పేస్ట్రీ లేత బంగారు రంగులో ఉన్నప్పుడు లోపలి పొరలు ఇంకా పచ్చిగానే ఉంటాయి. పక్కనుంచి చూస్తే పొరల మధ్య తెల్లగా కనపడకూడదు, అక్కడ కూడా రంగు మారాలి. పైన మరీ ఎర్రబడుతోందనిపిస్తే చివరి ఐదు నిమిషాలు వేడి 180కి తగ్గించండి.

నెమ్మదివంట:

ఆదివారం రాత్రి రాస్తున్నాను. శుక్రవారం రాత్రి మూడు ఫిల్లింగ్స్, శనివారం మధ్యాహ్నం చుట్టడం, మా చెల్లి పక్కన కూర్చుని గుడ్డ పట్టుకుని పాలకూర పిండింది, మూడుసార్లు. ఆదివారం తొమ్మిదిన్నరకి మొదటి ట్రే పెట్టాను. 28 నిమిషాలకి చికెన్ రోల్‌లో థర్మామీటర్ 78 చూపించింది. నువ్వులవి, జీలకర్రవి విడివిడి పళ్లేల్లో పెట్టాను, ఎవరూ ఏది ఏదని అడగలేదు.

మొదట అయిపోయింది పాలకూర, చీజ్. నేను 32 చేశాను, ఇంకో పదహారు చేయాల్సింది. మాంసం తినేవాళ్లు కూడా ముందు వాటినే తీసుకున్నారు. రెండో విడత తెచ్చేసరికి వంటింటి గుమ్మం దగ్గరే ముగ్గురు నిలబడి ఉన్నారు, వాళ్లు కొరుకుతుంటే ఆ కరకర నాకు వినిపించింది. పన్నెండూ నలభైకి వచ్చినవాళ్లకి కూడా ఓవెన్‌లోంచి తీసినవే పెట్టగలిగాను.

కీమావి తొమ్మిది ఇంకా ఫ్రీజర్‌లో గడ్డకట్టి ఉన్నాయి, కాల్చే అవసరం రాలేదు. సంచి మీద తేదీ రాసి పెట్టాను. పులిసినపిండి గారూ, మీ ఈస్ట్ రోల్స్ వచ్చే వారం చేస్తాను, ఆ 300 మిల్లీలీటర్ల పాలు మొత్తం ఒకేసారి పోయాలా, కొంచెం ఆపుకోవాలా?

పులిసినపిండి:

270 పోసి కలపండి. పిండి ఇంకా గట్టిగా, పొడిగా ఉంటేనే మిగతా 30 పోయండి. ఒక్కో మైదా ఒక్కోలా పీలుస్తుంది. మొదట చేతికి కొంచెం అంటుకున్నా పొడి పిండి చల్లకండి, పది నిమిషాలు పిసికేసరికి అదే గిన్నెను వదిలేస్తుంది.